కోర్టు ఫీజు చాలక తిరస్కరింపబడిన దావాను మరల ఫైలుకు తెచ్చుకొనుట



వ్యవసాయ పత్రికలో కోర్టు సంగతి ఎందుకని మీలో కొందరు అనుకొనవచ్చును. విత్తనము మేలైనదైనను, ఎరువు సకాలమున వేసినను, చేను ఎవరిదో తేలనిచో పండిన పంట కళ్ళము చేరకమునుపే తగవు వచ్చును. కోడుమూరు వంటి మెట్ట ప్రాంతములలో ఇంకొక చిక్కు కూడ కలదు. ఇచ్చట రైతు చేతికి డబ్బు వచ్చుట ఏడాదికి ఒకసారి, వేరుసెనగయో ప్రత్తియో అమ్మిన నాడు. కోర్టు గడువులు మాత్రము మన పంటలను చూచి రావు. ముంగారు వానలు పడి గొర్రు కట్టు రోజులలో, ఉన్న నాలుగు రూపాయలు విత్తనములకు పోయిన సమయముననే, ఫీజు కట్టవలసిన వాయిదా వచ్చి కూర్చుండును. అట్లు ఫీజు కట్టలేక పోయిన దావాలను గురించియే ఈ వ్యాసము.

ముందుగా ఒక ఉదాహరణము తీసికొందము. ఇది కల్పితమే గాని, ఇట్టివి అరుదు కావు. కోడుమూరు దగ్గర ఒక రైతునకు మూడెకరముల నల్లరేగడి కలదు. 2012 జూన్ 20 వ తేదీన దాయాది ఆ చేనిలో గుంటక దింపి, అది తనదేనని సాగు మొదలుపెట్టెను. పెద్దమనుషుల పంచాయతీలతో ఏండ్లు గడిచిపోయెను. కడకు రైతు 2024 జూన్ 10 వ తేదీన హక్కు ప్రకటనకును, స్వాధీనమునకును కర్నూలులో దావా దాఖలు చేసెను. విలువ తక్కువ వేసినందున ఫీజు చాలలేదు. జూలై 10 లోగా మిగిలినది కట్టుమని కోర్టు గడువిచ్చెను. అది విత్తనము వేయు అదను. డబ్బు సమకూడలేదు. జూలై 18 న ప్లెయింటు తిరస్కరింపబడెను.

"పోనిమ్ము, పంట అమ్మిన పిమ్మట మరల వేసికొందును" అని ఆ రైతు అనుకొనెననుకొనుడు. అక్కడనే మునిగిపోవును. ఇతరుల అనుభవములో పోయిన భూమి స్వాధీనము కొరకు దావా వేయుటకు 1963 నాటి కాలపరిమితి చట్టము 12 సంవత్సరముల గడువు ఇచ్చినది. మన రైతు విషయమున ఆ గడువు 2024 జూన్ 20 తో ముగిసినది. మొదటి దావా పది రోజులు ముందుగా పడినది గనుక సరిపోయెను. సంక్రాంతికి వేయు క్రొత్త దావా సరిపోదు. అంతేకాదు, ఆ చట్టము 27 వ సెక్షను ప్రకారము గడువు లోపల స్వాధీనపు దావా వేయనిచో దావా వేయు హక్కుతో పాటు భూమిపై హక్కే నశించును. మూడెకరములు పోవునది ఫీజు కట్టనందుకు కాదు, జూన్ 10 అను ఆ పాత తేదీని నిలుపుకొననందుకు. ఈ ఒక్క సంగతి మనసున పెట్టుకొన్నచో తక్కినదంతయు సులభముగా బోధపడును.

కోర్టు నుండి తిరిగి వచ్చిన ప్రతి రైతును "కేసు కొట్టివేసినారు" అనియే చెప్పును. వినువారును అట్లే నమ్ముదురు. కాని కోర్టు కాగితమున మూడు వేర్వేరు సంగతులుండును. ఏది జరిగినదో తెలియక మందు వేయుట, తెగులు తెలియక పైరుపై మందు చల్లుట వంటిదే.

మొదటిది వాపసు. ప్లెయింటునకు నంబరు పడకముందే కార్యాలయము వారు లోపములు వ్రాసి, ఇన్ని దినములలో సరిచేసి తెమ్మని వకీలుకు తిరిగి ఇత్తురు. ఇది తిరస్కరణ కాదు. లోపము తీర్చి, ఫీజు జతచేసి, గడువు లోపల మరల దాఖలు చేసిన చాలును. ఆలస్యమైనచో ఆ ఆలస్యమును మన్నింపుమని ఒక అర్జీ జతచేయవలెను. కాగితము వకీలు గుమాస్తా సంచిలోనే నెలల తరబడి నిదురించుట ఈ దశలోనే జరుగును. కావున దావా వేసిన నెల రోజులకు "నంబరు పడినదా?" అని రైతు స్వయముగా అడుగవలెను. నంబరు పడినచో సి.ఎన్.ఆర్. నంబరు అను 16 అక్షరముల గుర్తు కూడ ఇత్తురు. దానితో వాయిదా ఏనాడో ఈ-కోర్టుల యాప్‌లో ఊరిలో కూర్చుండియే చూచుకొనవచ్చును.

రెండవది ప్లెయింటు తిరస్కరణ. సివిల్ ప్రొసీజరు కోడు 7 వ ఆర్డరు 11 వ రూలు ప్రకారము, విలువ తక్కువ కట్టి సరిచేయుమన్నను సరిచేయనిచో, లేదా విలువ సరియే గాని స్టాంపు చాలక, తెమ్మన్నను గడువులో తేనిచో, కోర్టు ప్లెయింటును తిరస్కరించును. గడువు ఇయ్యకుండ తిరస్కరించుటకు ఈ కారణములపై వీలు లేదు. మన ఉదాహరణములో జరిగినది ఇదియే.

మూడవది కొట్టివేత. ప్రతివాదికి సమన్లు పంపుటకు కట్టవలసిన బత్తా కట్టనందుననో, వాయిదా నాడు వాది హాజరు కానందుననో దావా కొట్టివేయుదురు. ఇది 9 వ ఆర్డరు క్రిందికి వచ్చును. బత్తా కట్టక కొట్టివేసిన దావాను పునరుద్ధరింపుమని అదే కోర్టులో 30 దినములలో అర్జీ పెట్టవచ్చును, కాలపరిమితి మిగిలియున్నచో క్రొత్త దావాయైనను వేయవచ్చును. ప్రతివాది హాజరై, వాది మాత్రము రానందున కొట్టివేసినచో క్రొత్త దావాకు వీలు లేదు, పునరుద్ధరణ ఒక్కటే దారి. బత్తా వేరు, కోర్టు ఫీజు వేరు. తిరస్కరింపబడిన ప్లెయింటుకు 9 వ ఆర్డరు క్రింద అర్జీ పెట్టి, అది చెల్లదని తెలియునప్పటికి అప్పీలు గడువు కాస్తా దాటించుకొనుట అన్నిటికన్న విచారకరము.

ఫీజు అసలు ఎందుకు తక్కువ పడును? మన రాష్ట్రమున కోర్టు ఫీజులు 1956 వ సంవత్సరపు 7 వ చట్టమును బట్టి వసూలగును. కర్నూలు ఆంధ్ర రాష్ట్రమునకు రాజధానిగా నున్న రోజులలో చేసిన చట్టమది. భూమి స్వాధీనము కోరు దావాలో మార్కెట్టు విలువలో నాల్గింట మూడు వంతులపై ఫీజు లెక్కింతురు. స్వాధీనము మనదే యుండి, హక్కు ప్రకటనయు ఇంజంక్షనును మాత్రమే కోరినచో సగము విలువపై లెక్కింతురు. ఈ మార్కెట్టు విలువ తండ్రి నాడు కొన్న ధర కాదు, దావా దాఖలు చేసిన నాటి ధర. రైతు పాత క్రయపత్రము చూచి అంకె చెప్పును, కార్యాలయము వారు సబ్‌రిజిస్ట్రారు వద్ద నున్న విలువను చూతురు. తేడా అక్కడ వచ్చును. దావా వేయుటకు ముందే సబ్‌రిజిస్ట్రారు కార్యాలయమునుండి ఆ సర్వే నంబరు విలువ ధ్రువపత్రము తెచ్చుకొన్నచో సగము బాధ తీరును.

ఇక మార్గములు చూతము.

గడువు ఇంకను నడుచుచున్నపుడే మేలుకొన్నచో పని తేలిక. సివిల్ ప్రొసీజరు కోడు 149 వ సెక్షను కోర్టుకు ఒక గొప్ప అధికారము ఇచ్చినది. ఫీజులో కొంతయైనను, అంతయు నైనను తరువాత కట్టుటకు ఏ దశలోనైనను కోర్టు అనుమతింపవచ్చును. అట్లు కట్టిన పిమ్మట ఆ కాగితమునకు మొదటి దినముననే పూర్తి ఫీజు కట్టినంత బలము వచ్చును. అనగా జూన్ 10 తేదీ జూన్ 10 గానే నిలుచును. మన రైతు జూలై 10 లోగా పోయి, "విత్తుపని నడుచుచున్నది, ఇన్ని దినములు గడువు దయచేయుడు" అని అఫిడవిట్టుతో అర్జీ పెట్టుకొనియుండినచో ఈ వ్యాసమునకే పని యుండెడిది కాదు. 148 వ సెక్షను క్రింద, మొదట ఇచ్చిన గడువు దాటిన పిమ్మట కూడ పొడిగింపు ఇయ్యవచ్చును, కాని 2002 జూలై 1 నుండి ఈ పొడిగింపునకు మొత్తము 30 దినములను హద్దు పెట్టినారు. మనిషి చేతిలో లేని కారణముచే ఆలస్యమైనపుడు ఆ హద్దు కోర్టు చేతులు కట్టివేయదని సుప్రీంకోర్టు 2005 లో చెప్పినది. ఫీజు విషయమున పొడిగింపు కోరునపుడు 7 వ ఆర్డరు ఇంకొక షరతు కూడ పెట్టినది. అసాధారణమైన కారణము అడ్డుపడినదనియు, పొడిగింపు నిరాకరించినచో వాదికి తీవ్రమైన అన్యాయము జరుగుననియు కోర్టునకు నమ్మకము కలుగవలెను, ఆ కారణములను కోర్టు వ్రాసిపెట్టవలెను. కావున "డబ్బు లేదు" అను ఒక్క మాట చాలదు. ఆస్పత్రి చీటీలు, బ్యాంకు పుస్తకము, విత్తనములు కొన్న రసీదు, పంట ఎండినదని వ్రాసిన అధికారుల పత్రము, మండలమును కరవు మండలముగా ప్రకటించియున్నచో ఆ ఉత్తరువు నకలు, ఇవన్నియు జతచేయవలెను. కావలెనని తక్కువ ఫీజు కట్టి, ఎదుటివాడు పట్టుకొన్నపుడు చూతములే అని ఊరకుండిన వానికి 149 వ సెక్షను ఆదరువు కాదని కూడ సుప్రీంకోర్టు 1995 లో స్పష్టము చేసినది. పొరపాటున తక్కువ కట్టినవానికే ఆ దయ.

తిరస్కరణ జరిగిపోయినచో ఏమి చేయవలెను? మొదటి ప్రశ్న కాలపరిమితిని గూర్చినది. గడువు ఇంకను మిగిలియున్నచో నిశ్చింత. 7 వ ఆర్డరు 13 వ రూలు ప్రకారము, తిరస్కరణ జరిగినంత మాత్రమున అదే విషయముపై క్రొత్త ప్లెయింటు వేయుటకు అడ్డు లేదు. సరియైన విలువ వేసి, పూర్తి ఫీజుతో క్రొత్తగా దాఖలు చేయుడు. పాత ప్లెయింటుపై కట్టిన ఫీజు తిరిగి ఇప్పింపుమని కూడ అర్జీ పెట్టుకొనుడు. చాలమంది ఈ సొమ్మును వదలివేయుచున్నారు, అది సరికాదు. ప్రామిసరీ నోటు వంటి వానికి గడువు 3 సంవత్సరములే గనుక ఈ దారి త్వరగా మూసికొనిపోవును. వ్రేళ్ళ మీద లెక్కపెట్టక తేదీలు కాగితముపై వ్రాసి చూడవలెను.

గడువు దాటిపోయినచో మన రైతు ఉన్న స్థితి అదే. అప్పుడు పాత దావాను లేపుట తప్ప గతి లేదు. కోడు 2 వ సెక్షనులో, ప్లెయింటును తిరస్కరించు ఉత్తరువును డిక్రీగానే ఎంచవలెనని యున్నది. డిక్రీ గనుక దానిపై అప్పీలు కలదు. అప్పీలు జిల్లా కోర్టుకు పోవలసినదైనచో 30 దినములు, అమరావతిలోని హైకోర్టుకు పోవలసినదైనచో 90 దినములు గడువు. ఏ కోర్టుకు పోవలెనో దావా విలువను బట్టి వకీలు చెప్పును. ఉత్తరువు నకలు కొరకు కాపీ అర్జీ పెట్టిన నాటి నుండి నకలు సిద్ధమగు వరకు పట్టిన దినములను గడువులోనుండి తీసివేయుదురు, కావున ఉత్తరువు వచ్చిన మరునాడే కాపీ అర్జీ పడవలెను. మన రైతునకు జూలై 18 నుండి లెక్కించిన 30 దినములు ఆగస్టు 17 తో తీరును. నకలుకు పది దినములు పట్టినచో ఆ పది దినములు కలిసి వచ్చును. అదియు దాటినచో కాలపరిమితి చట్టము 5 వ సెక్షను క్రింద ఆలస్యమునకు తగిన కారణము చూపి మన్నింపు కోరవచ్చును.

అప్పీలు కాగితముపైనను ఫీజు కట్టవలెను. "ఫీజు లేకనే గదా ఇంత దూరము వచ్చినది" అని మీరు నిట్టూర్చుట సహజమే. కాని అప్పీలు నెగ్గి ప్లెయింటును స్వీకరింపుమని పై కోర్టు ఉత్తరువు చేసినచో, అప్పీలుపై కట్టిన ఫీజు తిరిగి ఇత్తురు. అప్పీలుతో పాటు, లోటు ఫీజు కట్టుటకు అనుమతి కోరు అర్జీని కూడ పెట్టి, డబ్బు సిద్ధముగా నున్నదని చూపుట మంచిది. చేతిలో డబ్బు చూపువాని మాటకు బరువు వేరు.

తిరస్కరించిన కోర్టులోనే పునర్విమర్శ, అనగా రివ్యూ, కోరుట ఇంకొక దారి. దీనికిని 30 దినములే గడువు. కాగితము చూచినంతనే కనబడు పొరపాటు ఉన్నపుడు, ఉదాహరణమునకు ఫీజు కట్టినను రసీదు ఫైలులో చేరక తిరస్కరించినపుడు, ఇది చవుకయు శీఘ్రమును. అప్పీలు వేసిన పిమ్మట రివ్యూకు వీలు లేదు గనుక ఏది ముందో వకీలుతో ఆలోచించి తేల్చుకొనవలెను. 151 వ సెక్షను క్రింద "న్యాయము కొరకు దావాను తిరిగి తీసికొనుడు" అని ఒక అర్జీ పెట్టి దానినే నమ్ముకొని కూర్చుండుట నా అభిప్రాయమున మంచిది కాదు. అప్పీలు అను రాచబాట ఉన్నపుడు డొంకదారి పట్టుట ఎందుకు?

ఈ విధముగా లేచిన దావాలు ఉన్నవా? ఉన్నవి. కేరళలో ఒక వ్యక్తి అప్పునకు హామీగా తన కొద్ది భూమిని పత్రముపై వ్రాసి యిచ్చి, దానిని రాబట్టుకొనుటకు దావా వేసెను. ఆ రాష్ట్రమున మొదట పదింట ఒక వంతు ఫీజు కట్టి, మిగిలినది తరువాత కట్టు పద్ధతి కలదు. అతడు మొదటి వంతు కట్టెను. మిగిలినది కట్టలేకపోయెను, గడువు కోరినను కోర్టు అంగీకరింపక దావాను తిరస్కరించెను. హైకోర్టులో ఆలస్యముగా వేసిన అప్పీలు కూడ నిలువలేదు. 2013 నవంబరు 25 న సుప్రీంకోర్టు ఆ రెండు ఉత్తరువులను త్రోసివేసి, ఫీజు కట్టుటకు అవకాశమిచ్చి దావాను విచారింపుమని క్రింది కోర్టుకు పంపెను. ఫీజు లేదను కారణమున న్యాయస్థానపు తలుపు మూసికొనరాదనియు, పేదవానికి న్యాయ సహాయము అందించు బాధ్యత రాజ్యాంగమే పెట్టినదనియు ఆ తీర్పు సారాంశము. అంతకుముందు 2009 లో తమిళనాడు నుండి వచ్చిన ప్రామిసరీ నోట్ల దావాలలో, లోటు ఫీజునకు గడువు కోరుచు అర్జీలో 149 కి బదులు 148 వ సెక్షను వ్రాసినను, అధికారము కోర్టుకు ఉన్నపుడు సెక్షను నంబరు తప్పినంత మాత్రమున అర్జీ చెడదని సుప్రీంకోర్టు చెప్పినది.

ఎదుటి పక్షము వారు ఫీజు సంగతి పట్టుకొని ఏండ్లు లాగుట కూడ మనకు తెలిసినదే. కోర్టు ఫీజు ప్రభుత్వ ఆదాయమునకే గాని, ప్రతివాది చేతికి ఇచ్చిన ఆయుధము కాదని 1961 లోనే సుప్రీంకోర్టు తేల్చినది. మీ ప్రతివాది అట్లు లాగుచున్నచో మీ వకీలుకు ఈ సంగతి గుర్తుచేయుడు.

నిజముగా చేతిలో ఏమియు లేనివాడు ఏమి చేయవలెను? నూటికి నెలకు మూడు రూపాయల వడ్డీకి తెచ్చి ఫీజు కట్టుట కన్న మంచి దారులు రెండు కలవు.

మొదటిది 33 వ ఆర్డరు. ఫీజు కట్టు శక్తి లేనివాడు, ఆస్తుల పట్టికతో అర్జీ పెట్టుకొని, ఫీజు లేకయే దావా నడుపుటకు అనుమతి పొందవచ్చును. పూర్వము దీనిని పాపరు దావా అనెడివారు, 1976 లో ఆ పేరు మార్చినారు. శక్తి లెక్కించునపుడు తగవులో నున్న భూమిని లెక్కింపరు. జప్తు చేయరాని ఆస్తిని కూడ లెక్కింపరు. సేద్యగానికి అట్టివి ఏవి? నాగలి, గొర్రు మొదలగు పనిముట్లు, సేద్యమునకు అవసరమైన ఎద్దులు, విత్తనపు గింజలు, తాను కాపురమున్న ఇల్లు. అర్జీ పెట్టుటకు ముందు రెండు నెలలలో ఆస్తిని మోసముగా పరులకు వ్రాసియిచ్చినచో మాత్రము అర్జీ పోవును. అనుమతి నిరాకరించినను కోర్టు ఫీజునకు గడువు ఇయ్యవచ్చును, అట్లు కట్టినచో మొదట అర్జీ పెట్టిన తేదీయే దావా తేదీ యగును. ఇక్కడను నిలుచునది తేదీయే. ఇది ఉచితమని మాత్రము భ్రమపడరాదు. దావా ఓడినచో ఫీజు వాదియే కట్టవలెను, నెగ్గినచో కోర్టు చెప్పినవారినుండి ప్రభుత్వము రాబట్టుకొనును, గెలిచిన ఆస్తిపై దానికి మొదటి హక్కు ఉండును.

గ్రామాధికారులకు ఇక్కడ ఒక మాట. ఇట్టి అర్జీలు వచ్చినపుడు ప్రభుత్వ ప్లీడరుకు నోటీసు పోవును, ఆస్తి విచారణ తహశీలుదారు ద్వారా మీ వద్దకు వచ్చును. అడంగలులో పేరున్నదని చూచి, తగవులో నున్న మూడెకరములనే "ఇతనికి మూడెకరములు కలదు" అని వ్రాసి పంపినచో ఆ రైతు అర్జీ మీ కలముతోనే చెడును. తగవు భూమిని వేరుగా, తక్కిన ఆస్తిని వేరుగా చూపి వ్రాయుడు. సాగులో ఎవరున్నారో కూడ ఉన్నదున్నట్లు వ్రాయుడు.

రెండవది న్యాయ సేవాధికార సంస్థ. 1987 నాటి చట్టము 12 వ సెక్షను ప్రకారము స్త్రీలు, షెడ్యూల్డు కులములు, తెగలవారు, వికలాంగులు, నిర్ణీత ఆదాయమునకు లోబడినవారు ఉచిత న్యాయ సహాయమునకు అర్హులు. వరద, భూకంపములతో పాటు కరవు వాత పడినవారిని కూడ ఆ సెక్షను పేరు పెట్టి చేర్చినది. రాయలసీమ రైతు ఈ మాటను గట్టిగా పట్టుకొనవలెను. కర్నూలు జిల్లా కోర్టుల ఆవరణలోని జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో అర్జీ ఇయ్యవచ్చును. వకీలును ఏర్పాటు చేయుటయే కాక కోర్టు ఫీజు, బత్తా ఖర్చులు కూడ ఆ సహాయములో చేరును. ఆదాయమును గూర్చి అఫిడవిట్టు ఇచ్చిన సాధారణముగా చాలును. ఊరినుండియే విచారించుకొనదలచిన వారికి 15100 అను ఫోను నంబరు కలదు.

అక్కడికి పోవునపుడు తిరస్కరణ ఉత్తరువు నకలు, దానికై పెట్టిన కాపీ అర్జీ తేదీ, పాత ప్లెయింటు నకలు, ఫీజు కట్టిన రసీదులు, పట్టాదారు పాసు పుస్తకము, 1-బి, అడంగలు నకళ్ళు, భూమి చేయి దాటిన తేదీ వ్రాసిన చీటీ తీసికొనిపోవలెను. ఆ చివరి చీటీ లేకపోయినచో వకీలు మొట్టమొదట అడుగునది అదే.